పెనాల్టీ చుక్క దగ్గర గడ్డి

పెనాల్టీ చుక్క దగ్గర గడ్డి మరీ పచ్చగా ఉంది. ఎడ్నా హావర్త్‌కి అనుమానం మొదలైంది అక్కడే.

ఆమె భర్త క్లిఫర్డ్ మే నెలలో పోయాడు. నలభై ఏళ్లుగా హార్‌బెక్ టౌన్ ఫుట్‌బాల్ జట్టు సొంత గ్రౌండ్‌లో ఆడిన ఏ ఆటా వదలని మనిషి. ఆసుపత్రి మంచం మీద ఆమె చెయ్యి పట్టుకుని, తన బూడిదని మిల్లు వైపు గోల్ ముందు, పెనాల్టీ చుక్క దగ్గర కలపమని మాట తీసుకున్నాడు. ఆ ఊళ్లో అలా కోరుకున్నవాడు అతనొక్కడే కాదు. జూన్‌లో ఎడ్నా బూడిద డబ్బాని తీసుకెళ్లి, గ్రౌండ్ బాగోగులు చూసే సెడ్రిక్ పిల్లింగ్ చేతిలో పెట్టింది. తానూ పక్కన ఉంటానంది. పిల్లింగ్ ససేమిరా అన్నాడు. ఒకరిని రానిస్తే రేపటినుంచి ఊరంతా పూలగుత్తులతో, పాదిరితో దిగిపోతారని, ఆ పని తానొక్కడే చేస్తానని గేటు వేసుకున్నాడు.

మర్నాడు వెళ్లి అడిగితే అయిపోయిందన్నాడు. అంటున్నప్పుడు ఆమె మొహంలోకి చూడలేదు. డబ్బా తిరిగి ఇమ్మంటే పారేశానన్నాడు.

అప్పుడవేవీ ఎడ్నా పట్టించుకోలేదు. ఆగస్టులో ఆటలు మొదలయ్యాక ప్రతిసారీ అరగంట ముందే వచ్చి, తన కుర్చీలో కూర్చుని, ఆ చుక్క వైపు చూస్తూ వారం రోజుల సంగతులూ క్లిఫర్డ్‌కి లోగొంతుకతో చెప్పుకునేది. మనసు తేలికపడేది. అంతా పక్కింటి మేవిస్ పాడుచేసింది. మేవిస్ వాళ్ల అన్న బూడిదని గులాబీ మొక్క మొదట్లో పోస్తే నెల తిరక్కుండా మొక్క మాడిపోయిందట. మనిషి బూడిద గడ్డిని అసలే బతకనివ్వదట. మరి మీ ఆయన్ని పోసినచోట గడ్డి ఎలా ఉందేమిటి అని అడిగి, హాయిగా టీ తాగి వెళ్లిపోయింది.

ఆ తర్వాతి శనివారం ఎడ్నా బైనాక్యులర్స్ తెచ్చుకుంది. ఆట చూస్తే ఒట్టు. చుక్క చుట్టూ గడ్డి నవనవలాడుతోంది. ఎండిన పోచ ఒక్కటి లేదు. పిల్లింగ్ గడ్డపలుగు పట్టుకుని అటుగా వస్తూ ఆమెని చూశాడు, చూసి చప్పున తల తిప్పుకున్నాడు. అంతే, ఇక ఆమెకి పిల్లింగ్ ఏం చేసినా తప్పుగానే తోచింది. అతను టోపీ సర్దుకుంటే అందులో ఏదో ఉంది, ఈల వేస్తే ఇంకేదో ఉంది. కాలవలో పారబోసి ఉంటాడని మేవిస్ తేల్చేసింది. ఇన్ని వారాలూ తాను కబుర్లు చెప్పింది ఉత్త మట్టికా? కట్టుకున్నవాడికిచ్చిన ఒక్క మాటా ఇలా కాలవపాలయిందా? ఎడ్నాకి నిద్ర కరువైంది.

అక్టోబరు చివరి శుక్రవారం మధ్యాహ్నం బీరు పీపాల లారీ కోసం గేటు తెరిచి ఉండగా ఆమె లోపలికి దూరింది. మర్నాడు స్కార్‌లీ జట్టుతో ఆట. స్కార్‌లీ అంటే ఆ ఊరివాళ్లకి ఒంటికి కారం రాసుకున్నట్టే. పిల్లింగ్ తన షెడ్డులో, గ్రౌండ్ మీద తెల్లగీతలు గీసే బండి కడుగుతున్నాడు. అతని వెనక బల్ల మీద క్లిఫర్డ్ డబ్బా ఉంది. పేరు చీటీ సగం గీకేసి ఉంది. మూత తీసి చూస్తే లోపల తెల్లటి పొడి.

"మా ఆయన్ని గీతలు గీయడానికి వాడారా?" అంది ఎడ్నా.

పిల్లింగ్ ముఖం కందగడ్డయింది. అది ఉత్త సున్నమని, మూత గట్టిగా పడుతుంది కదా అని డబ్బా ఉంచుకున్నానని, ఉంచుకున్నందుకు సిగ్గుపడి పారేశానని అబద్ధమాడానని నసిగాడు. బూడిదని మాత్రం చెప్పినచోటే పెట్టానన్నాడు. పైన చల్లితే గడ్డి చస్తుంది. అందుకే గడ్డిని చాపలా లేపి, అడుగు లోతు తవ్వి, కింద పోసి, మళ్లీ కప్పుతాడు. అలా గ్రౌండ్‌లో పధ్నాలుగు మంది ఉన్నారు, ఎవరెక్కడో తనకి తెలుసన్నాడు.

"నా మాట నమ్మమ్మా."

"నీ మాట ఎంత నిజమో ఆ డబ్బాయే చెబుతోంది. తవ్వి చూపించు."

"రేపు ఆటమ్మా. ఇప్పుడు గడ్డి లేపితే మళ్లీ వేళ్లు పట్టడానికి మూడు వారాలు కావాలి."

"తవ్వు" అంది ఎడ్నా.

పిల్లింగ్ పార తీసుకున్నాడు. ముప్ఫై ఏళ్లు కన్నకూతురిలా సాకిన గడ్డిని ఆట ముందురోజు తన చేత్తోనే కోశాడు. కింద నల్లమట్టి మధ్య బూడిదరంగు పొర కనబడింది. ఎడ్నా మోకాళ్ల మీద కూలబడి వేలితో తాకింది. క్షమించమని పిల్లింగ్‌ని అడగాలనుకుంది గానీ నోరు పెగల్లేదు. అతను గడ్డి కప్పి, తొక్కి, నీళ్లు పోశాడు.

శనివారం స్టాండ్లు కిటకిటలాడాయి. చెరొక గోల్‌తో సమంగా ఉండగా, ఇక నాలుగు నిమిషాలే ఉందనగా, రిఫరీ హార్‌బెక్‌కి పెనాల్టీ ఇచ్చాడు. మిల్లు వైపు గోల్‌కే. కెప్టెన్ పరుగెత్తుకొచ్చి ఎడమకాలు ఆనించాడు. కాలికింద గడ్డి ముక్క చాపలా జారింది. బంతి గోల్ మీంచి జనంలో పడింది.

క్షణం ఎవరికీ ఏమీ అర్థం కాలేదు. తర్వాత లేచిన గడ్డిని చూశారు. ఆ మీదట తిట్లన్నీ పిల్లింగ్ మీదికి మళ్లాయి. తాగి పడుకున్నాడన్నారు, స్కార్‌లీవాళ్ల డబ్బు తిన్నాడన్నారు. వీణ్ణి పంపించెయ్యండి అని వేల గొంతులు ఒక్కటయ్యాయి. పైన కూర్చున్న క్లబ్ ఛైర్మన్ అతనివైపు వేలు పెట్టి చూపిస్తూ ఎవరితోనో ఏదో అంటున్నాడు. పిల్లింగ్ పలుగు పట్టుకుని తలవంచుకుని వచ్చి, గడ్డిని మళ్లీ అదిమాడు. ఎడ్నా వైపు కన్నెత్తి చూడలేదు. చూస్తే జనం కూడా అటే చూస్తారని అతనికి తెలుసు. ఆ సంగతి తట్టగానే ఆమెకి ఏడుపు తన్నుకొచ్చింది.

ఆమె లేచి నిలబడింది.

"కూర్చో అక్కా, కనబడట్లేదు" అన్నాడు వెనక వరసలో ఇరవై ఏళ్లుగా కూర్చునే టాటర్‌సాల్.

ఎడ్నా వెనక్కి తిరిగింది. ఆ స్టాండులో సగం మందికి వినబడేలా చెప్పింది.

"పిల్లింగ్‌ని ఏమీ అనకండి. వద్దు వద్దంటున్నా నిన్న అక్కడ తవ్వించింది నేను. మా ఆయన్ని నిజంగా అక్కడ పెట్టాడో లేదోనని అనుమానపడి తవ్వించాను."

చుట్టుపక్కల తిట్లు ఆగిపోయాయి. టాటర్‌సాల్ పెనాల్టీ గురించి ఏదో అనబోయి మానుకున్నట్టున్నాడు.

"ఉన్నాడా?" అన్నాడు చివరికి.

"ఉన్నాడు" అని ఎడ్నా మెట్లు దిగి పిల్లింగ్ దగ్గరికి నడిచింది.