పేరు పెట్టి పిలవని ఏరు

పొద్దున లేస్తూనే నింగమ్మ మొహం కూడా కడుక్కోదు. కడవ చంకన పెట్టుకుని నేరుగా ఇసుకలోకి దిగుతుంది. హగరి ఏరు అక్కడ ఊరంత వెడల్పు ఉంటుంది గానీ, ఆ వెడల్పంతా నీళ్లు కనపడేది వానాకాలంలోనే. తక్కిన రోజులంతా ఇసుకే. ఆ ఇసుక కింద సన్నటి పాయ ఒకటి నింగమ్మ గట్టును ఆనుకుని పారుతుంది. దాని మీద చెలిమ తవ్వి, కడవలతో మోసి, గట్టు మీది ముక్కలో వంగ, పచ్చిమిరప పండిస్తుంది. మొగుడు పోయినాక ఆమెకు మిగిలింది ఆ ముక్క, ఆ చెలిమ. పిల్లలు లేరు. ముక్క పండితే ఆమెకు ముద్ద, లేకుంటే లేదు.

ఆ ఏడు మాఘం వెళ్లాక చెలిమలో నీళ్లు జరిగాయి. ఎండిపోలేదు, జరిగాయి. నిన్న తవ్విన చోట ఈరోజు తడి ఇసుక, దానికి జానెడు అవతల నీళ్లు. మళ్లీ అక్కడ తవ్వితే మరుసటి రోజుకు ఇంకొంచెం అవతల. పాయ ఆమె గట్టు వదిలి ఎదురుగట్టుకు పోతోంది.

"ఎవరో పిలుస్తాండారు," అంది నింగమ్మ మరిది హులిగెప్పతో.

హులిగెప్ప ఎద్దుల కాడి సర్దుతూ ఎదురుగట్టు వైపు చూశాడు. "ఇంకెవరు వదినా. వాళ్లే."

పిలవడమంటే ఏమిటో ఆ గట్టు మీద ఎవరినీ అడగక్కర్లేదు. ఏటి అసలు పేరు వేదవతి. ఆ పేరు పెట్టి పిలిస్తే వస్తుంది, అందుకని పిలవరు. ఇంటి ఆడది మొగుడి పేరు చెప్పనట్టే అందరూ హగరి అంటారు, ఏరు అంటారు. పెళ్లిలో సంకల్పం చెప్పే అయ్యవారు కూడా ఆ పేరు దగ్గరికి వచ్చేసరికి గొంతు దించి గుటక మింగుతాడు. ఒకసారి మైసూరు వైపు నుంచి కొత్తగా వచ్చిన బడిపంతులు నదుల పాఠం చెబుతూ పిల్లలందరిచేతా ఆ పేరు గట్టిగా అనిపించాడు. మధ్యాహ్నానికల్లా బడి మెట్ల దగ్గరికి నీళ్లు వచ్చి నిలిచాయి. పిల్లలు అందులోనే కాళ్లు కడుక్కుని ఇళ్లకు పోయారు. పంతులు మరుసటి రోజు నుంచి పర్వతాల పాఠం చెప్పుకున్నాడు. రైలు స్టేషను బోర్డు మీదా ఎంతో పెద్ద అక్షరాలతో హగరి అనే ఉంది కాబట్టి ఏరు ఎన్నడూ స్టేషను జోలికి పోలేదు.

ఇక ఆ ఎదురుగట్టు వాళ్ల సంగతి. తుంగభద్ర డ్యాము నీళ్లు కాలువల్లోకి వదిలాక, కోస్తా జిల్లాల నుంచి జనం వచ్చి నల్లరేగడి కొనుక్కుని వరి వేశారు. పది కొంపలు లేస్తే దాన్ని క్యాంపు అన్నారు. ముందొచ్చిన పెద్దాయన పేరు మీద ఇది వెంకటప్పయ్య క్యాంపు అయింది. ఆయన పోయాడు, పేరు ఊరికి మిగిలింది. ఆయన కోడలు సుందరమ్మకు అదొక తిప్పలు. మామగారి పేరు నోటితో అనకూడదు కదా, మరి బస్సులో టిక్కెట్టు ఎట్లా అడగాలి? "మావయ్యగారి క్యాంపుకి ఒకటి," అనేది. కండక్టరు ఎవరి మావయ్య అని అడిగి మొదట్లో సతాయించినా, తర్వాత రూపనగుడి బస్సులో అందరికీ అలవాటైపోయింది.

ఆ సుందరమ్మే మాఘంలో కొడుకు పెదబాబుకు పెళ్లి చేసి కోడలిని తెచ్చుకుంది. కోడలు వచ్చింది, పాయ కదిలింది. నింగమ్మ లెక్క కట్టుకోవడానికి ఇంకేం కావాలి.

"కాలువ నీళ్లు చాలలేదంటనా వాళ్లకి? ఏరు కూడా కావాల్నంటనా?" అంటూ ఆమె గంపలో వంకాయలు సర్దుకుంది. అమ్మే వంక పెట్టుకుని చూసి రావడానికి బయలుదేరింది.

సుందరమ్మ వంకాయను వెలుగుకు పట్టి తిప్పి తిప్పి చూసింది. తొడిమ గిల్లింది. పుచ్చు కనపడకపోయినా నమ్మలేదు. ఇక్కడి వాళ్లు తమను చూసి నవ్వుకుంటారని, తూకంలో దించుతారని ఆమె అనుమానం. ఈమె కళ్లు ఇంట్లోకి ఎందుకు పోతున్నాయని ఇంకో అనుమానం.

"ఏమిటమ్మా అలా చూస్తావు లోపలికి?"

"ఏం లేదమ్మా. కొత్త కోడలొచ్చిందంట గదా, చూసి పోదామని."

సుందరమ్మ దొడ్డివైపు తిరిగి కేక వేసింది. "వేదవతీ, ఆ చేట పట్రా."

నింగమ్మ గంప మీంచి చేయి తీసేసి దొడ్డివైపు చూసింది. పిల్ల చేట తెచ్చింది. పచ్చగా, సన్నగా, తల వంచుకుని నిలబడింది. ఆమె వెనకే దొడ్డిగోడ కింద మట్టి చెమ్మగిల్లి, చూస్తూ చూస్తూండగానే నల్లబడింది. పేరు చూసి మరీ తెచ్చుకున్నారు పిల్లను, అనుకుంది నింగమ్మ. పొద్దుగూకులూ ఇట్లా కేకలేస్తుంటే ఏరు రాక ఏం చేస్తుంది. ఎంత తెలివి వీళ్లది.

సుందరమ్మ చిల్లర కోసం లోపలికి పోగానే నింగమ్మ గొంతు తగ్గించింది. "ఆ పేరెవరు పెట్టిరి పాపా నీకు?"

"మా నాన్న. బందరు రేవులో ఓడ మీద సరంగు. ఆ ఓడ పేరే నాకు పెట్టాడు." ఆ ఇంట్లో పిల్లను ఎవరూ ఏమీ అడగరు కాబోలు, అడిగేసరికి మొహం విప్పారింది. "తుపానులో ఓడలన్నీ పోయినా అదొక్కటే తిరిగొచ్చిందట. దానికి భలే అలవాటుండేది పెద్దమ్మా. ఒడ్డున అమ్మ నన్ను పిలిస్తే చాలు, గాలి ఎటున్నా ఓడ మూతి ఇటు తిప్పేది. నాన్న విసుక్కునేవాడు."

"ఓడకెవరు పెట్టిరి?"

"దాని యజమాని. గాళెప్ప అని మీ వైపాయనే. వయసులో ఉండగా పత్తిబండ్లతో వచ్చి ఉండిపోయాడట. ఇంటి దగ్గర నోరారా అనలేని పేరొకటి ఉందనీ, సముద్రం మీదయితే అడ్డేమిటనీ ఓడ మూతి మీద నిలువెత్తు అక్షరాలతో రాయించుకున్నాడట. సాయంత్రాలు రేవులో కూర్చుని దాన్ని ఊరికే పిలుస్తుండేవాడట. ఆ పేరు ఎవరిదో మాత్రం ఎవరికీ చెప్పలేదు."

నింగమ్మకు గాళెప్ప తెలుసు. తెలుసంటే, ఆమె కాపురానికి వచ్చేనాటికే వెళ్లిపోయాడు. పెళ్లాం చచ్చేదాకా వాకిట్లో కూర్చుని తూర్పు చూసింది. ఆ దొంగ మన పేరు ఎత్తుకుపోయి, ఓడకు పెట్టి, ఓడ నుంచి పిల్లకు పెట్టించి, పిల్లను మన మీదికే తోలినాడు. నింగమ్మ అట్లాగే అనుకుంది. ఇంటికి దూరమై, ఏటి పేరు తలుచుకుని కూర్చున్న ముసలాయన ఆమెకు కనపడలేదు. ఎండుతున్న వంగమొక్కలే కనపడుతున్నాయి.

"మరి ఈ ఏరు పేరు తెల్దా నీకు?"

"హగరి కదా?" అంది పిల్ల అమాయకంగా. అది అమాయకమని నింగమ్మ నమ్మలేదు.

సుందరమ్మ చిల్లర చేతిలో పెడుతుంటే నింగమ్మ మెల్లగా అంది. "చెప్పగూడదు గానీ అమ్మా, ఆ పేరు ఈ సీమలో ఆడపిల్లలకు పెట్టరు."

"ఏం?"

"కడుపు నిలవదంటారు. సుమ్నె, ఊరికే చెప్పినాలే. మీ ఇష్టం."

అబద్ధం. అప్పటికప్పుడు నోట్లో పుట్టిన అబద్ధం. గంప నెత్తిన పెట్టుకుని ఇసుకలో నడుస్తుంటే లోపల ఏదో గుచ్చుకున్నట్టయింది గానీ, నా ముక్క నాకు ముఖ్యం కదా అని సర్దుకుంది.

సుందరమ్మ ఎవరినీ నమ్మదు, కీడును మాత్రం నమ్ముతుంది. ఉగాది నాడు కోడలిని పీట మీద కూర్చోబెట్టి, బియ్యం పోసి, సరోజినీదేవి అని పేరు మార్చింది. పెదబాబు అమ్మ మాటకు ఎదురు చెప్పే మనిషి కాదు. ట్రాక్టరు మీద కూర్చుంటే ఎంత మగవాడో, అమ్మ ముందర అంత పిల్లవాడు. క్యాంపంతా బెల్లం పంచారు.

పాయ ఆగింది. ఆగిందే గానీ వెనక్కి రాలేదు. రెండు గట్లకూ చెందక ఏటి నడుమ కొన్నాళ్లు తడిగా ఉండి, ఇసుకలోకి ఇంకిపోయింది. నింగమ్మ చెలిమను మనిషి లోతు తవ్వింది. హులిగెప్ప వచ్చి ఇంకా తవ్వాడు. పొడి ఇసుక జారి పూడుతోందే తప్ప చుక్క లేదు. వంగ వాడింది. మిరప ఆకు ముడుచుకుంది. కొట్టాల్లో పశువులు రాత్రంతా అరిచాయి. వేసవికి కాలువ కట్టేయడంతో ఎదురుగట్టు వాళ్లూ ఇసుకలోకి దిగి తవ్వుకోవడం మొదలుపెట్టారు. వాళ్లకూ ఇసుకే. నువ్వే ఏదో చేశావన్నట్టు గట్ల మీద నుంచి ఒకరినొకరు చూసుకున్నారు.

క్యాంపులో ఇంకోటి జరుగుతోందని నింగమ్మకు కూలికి పోయే పక్కీరమ్మ చెప్పింది. కొత్త పేరు పెట్టి పిలిస్తే ఆ పిల్ల పలకడం లేదట. పొగరు కాదు, వినపడదు. సరోజినీ, సరోజినీ అని సుందరమ్మ గొంతు చించుకున్నా పిల్ల గోడ వైపు చూస్తూ కూర్చుంటుందట. అన్నం పెడితే తింటుంది, లేకుంటే లేదు. పెదవులు పగిలిపోయాయట.

"పిలిస్తే పలకని దాన్ని పెట్టుకొని ఏం చేసుకోవాలంటాందమ్మా ఆ యమ్మ. మతి లేని పిల్లను అంటగట్టిరని ఒకటే మాట. బందరు తోలేస్తాందంట. ఇంగ తీసుకొచ్చేది లేదంట."

ఆ రాత్రి నింగమ్మ ముద్ద నోట్లో పెట్టుకోలేకపోయింది. ముక్క ఎండింది, అది తన ఖర్మ. ఆ పిల్ల కాపురం తన నోటితో పోతోంది. ఏడుపొచ్చింది. ఏడ్చింది. అయినా ఆ అనుమానం మాత్రం పూర్తిగా పోలేదు. అంతా నాటకమేమో, పేరు మళ్లీ మార్చడానికి ఎత్తేమో అని ఒక మూల అనిపిస్తూనే ఉంది. మనసు అట్లాంటిది మరి.

రెండో రోజు పొద్దున్నే క్యాంపు నుంచి ఎద్దులబండి ఇసుకలోకి దిగింది. హగరి స్టేషనుకు పోవాలంటే ఏరు దాటాలి. పెదబాబు తోలుతున్నాడు. సుందరమ్మ పక్కన పెట్టె పట్టుకుని కూర్చుంది. వెనకాల ఆ పిల్ల, తలమీద కొంగు, కాళ్లు కిందికి వేలాడేసుకుని.

నింగమ్మ ఎండిన చెలిమ గట్టున నిలబడి ఉంది. హులిగెప్ప పక్కనే ఉన్నాడు.

"నేను ఏటిని పిలుస్తా," అంది నింగమ్మ.

"వద్దు వదినా. బడి పిల్లోళ్లు పాఠానికి అనిందే గానీ, మన గట్టు మీంచి యానాడూ ఎవరూ కావాల్నని పిల్చింది లేదు. ఎట్లొస్తాదో ఎవరికి తెల్సు? ముక్కను కోసుకొని పోతాది."

"పోనీ. ఎండి పోయేదానికంటే తడిసి పోతాది."

ఆమె ఇసుకలోకి నాలుగడుగులు దిగింది. గొంతులో ఆ పేరు అడ్డం పడింది. పుట్టినప్పటి నుంచి అనని పేరు, నోటికి దారి తెలియదు. మొదటిసారి గాలే వచ్చింది. రెండోసారి వచ్చింది.

"వేదవతీ."

"ఆఁ," అని పలికింది బండిలోంచి పిల్ల.

పెదబాబు పగ్గం బిగించాడు. నెలల తర్వాత భార్య గొంతు వినపడితే వెనక్కి తిరిగి చూశాడు. పిల్ల బండి దిగింది. కొంగు జారిపోతే సర్దుకోలేదు. ఇసుకలో అడుగులు వేసుకుంటూ నేరుగా నింగమ్మ దగ్గరికి వచ్చింది. ఆమె అడుగు పడ్డ చోటల్లా ఇసుక నల్లబడింది, ఆ నలుపులోంచి నీళ్లు ఊరాయి. కోసుకుంటూ రాలేదు, ఉరుకుతూ రాలేదు. పసిపిల్లలు చీర కుచ్చెళ్లు పట్టుకుని వచ్చినట్టు ఆమె మడమల వెంట వచ్చి, నింగమ్మ పాదాలు తడిపి, చెలిమ నింపి, గట్టు పొడుగునా సాగింది. చక్రాల కింద ఇసుక మెత్తబడి బండి అంగుళం కూడా కదల్లేదు. అవతల స్టేషనులో రైలు కూత వినిపించింది.

"నన్నెందుకు పిలిచావు పెద్దమ్మా?"

నింగమ్మ పిలిచింది ఏటిని. దేవుడి సాక్షిగా ఏటినే. కానీ ఆ పగిలిన పెదవులు, నమ్మకంగా చూస్తున్న ఆ కళ్లు ఎదురుగా ఉంటే ఆ మాట ఎట్లా అంటుంది? పిల్లకు నిజంగా ఏమీ తెలియదని ఆమెకు అప్పుడు తెలిసింది.

"ఎండలో పోతాండావు గదా. నీళ్లు తాగి పోదువని," అంది. వంగి దోసిట్లో ముంచి ఇచ్చింది. పిల్ల తాగింది, మళ్లీ పట్టింది, మళ్లీ తాగింది.

సుందరమ్మ చీర మోకాళ్లకు ఎత్తి పట్టుకుని నీళ్లకు అవతల నిలబడింది. కళ్లు చిన్నవి చేసుకుని నింగమ్మనే చూస్తోంది. "ఆ పేరు పెట్టకూడదని నువ్వే కదుటమ్మా చెప్పావు?"

"చెప్పినా. అబద్ధం చెప్పినా. కడుపూ లేదు, ఏం లేదు. నా చెలిమ కోసం చెప్పినా." నింగమ్మకు తల ఎత్తబుద్ధి కాలేదు. "నన్నేమైనా అను తల్లీ. పిల్లనేమీ అనొద్దు."

సుందరమ్మ ఎత్తి పట్టిన చీర వదిలేసింది. రైలు వంతెన మీదుగా పోతున్న చప్పుడు వచ్చింది, తగ్గింది. ఆమె కోడలి వైపు చూసింది. ఏదో తప్పు చేస్తున్నానేమోనన్న భయంతోనే నోరు తెరిచింది.

"వేదవతీ. రామ్మా, ఇంటికి పోదాం."

పిల్ల నింగమ్మ చేయి వదిలి నడిచింది. నీళ్లూ కదిలాయి. చెలిమలో నిండిన దాంట్లో సగం గట్టు వదిలి, ఆ పిల్ల వెనకాలే క్యాంపు వైపు జరగడం హులిగెప్ప చూశాడు. "వదినా, పోతాండాది, మళ్లీ పిలువు," అన్నాడు కంగారుగా.

నింగమ్మకూ కనపడుతూనే ఉంది. ఆమె కడవ ఇసుకలో దించి దాని పక్కనే కూర్చుంది.

"పోనీలేప్పా. ఇల్లు చేరనీ," అంది.