ముందు వరస సోఫా, నేనూ

నేను ఒక టేప్‌రికార్డర్‌ని. జపాన్‌లో పుట్టానంటారు, నాకైతే గుర్తు లేదు. ఊహ తెలిసేసరికి సికింద్రాబాద్‌లో ఒక తెలుగు దినపత్రిక ఆఫీసులో, వఝల కామేశం గారి బల్ల మీద ఉన్నాను. అప్పటిదాకా ఆయన సభల్లో జరిగే శాస్త్రీయ సంగీత కచేరీల మీద సమీక్షలు రాసేవారు. ఒకరోజు ఎడిటర్ గారు పిలిచి, "కాలేజీ కుర్రాళ్లు గిటార్లు పట్టుకుని ఏదో రాక్ అంటున్నారటండీ. ఆదివారం పేజీకి అదీ మీరే చూడండి" అన్నారు. కామేశం గారు కండువా సర్దుకుని, నన్ను గుడ్డసంచీలో వేసుకుని బయల్దేరారు.

మొదటి కచేరీలో ఆయనకేమైందో నాకు ఇప్పటికీ తెలీదు. చెవులు మూసుకుని పారిపోతారనుకున్నాను. ఆయనేమో తొడ మీద తాళం వేస్తూ, డ్రమ్ములు వాయించే కుర్రాణ్ణి చూసి "భేష్" అన్నారు. ఇంటికొచ్చి నన్ను మళ్లీ మళ్లీ తిప్పి వింటూ సమీక్ష రాశారు. గిటారు అబ్బాయి శ్రుతి చూసుకుంటే ఎంతో పైకొస్తాడని రాశారు. ఆ అబ్బాయి పేపరు పట్టుకుని ఇంటికొచ్చి కాళ్లకి దణ్ణం పెట్టాడు. ఇక పేపర్లో ఆ అర కాలమ్మే ఆయనకి ప్రాణమైపోయింది.

సభల్లో విమర్శకుడికి ముందు వరసలో సోఫా వేయడం మర్యాద. పాపం, రాక్ కుర్రాళ్లు కూడా ఆ మర్యాద నేర్చుకున్నారు. వాళ్ల స్పీకర్లు బీరువాలంత ఉండేవి. సోఫా సరిగ్గా వాటి ముందే పడేది. వెనక్కి వెళ్తే పిల్లలు చిన్నబుచ్చుకుంటారని ఆయన కదిలేవారు కాదు. పాట మొదలైతే ఆయన ఒళ్లో నా మరలన్నీ వణికేవి. ఇదేం గౌరవమో నాకు అంతు పట్టలేదు.

కొన్నేళ్లకి ఆయన నా గొంతు పెంచడం మొదలుపెట్టారు. "దీనికి గొంతు పోతోంది రత్నం" అని భార్య సీతారత్నం గారితో అన్నారు. నేను హడలిపోయాను. కోఠీలో రిపేరు చేసే ఖాదర్ భాయ్ నన్ను విప్పి, తుడిచి, "మిషన్ మంచిగనే ఉంది సార్. ఇంకా పెంచితే స్పీకర్ చినుగుతది" అన్నాడు. ఆయన చిరునవ్వుతో తలూపి, "కొత్త స్పీకర్ వేస్తావా అయితే?" అని అడిగారు. అప్పటికీ నా మట్టిబుర్రకి తట్టలేదు.

ఒక పొద్దున నాలో టేపు చుట్టుకుపోయి పాట ఆగిపోయింది. ఆయన మాత్రం కళ్లు మూసుకుని తాళం వేస్తూనే ఉన్నారు. సీతారత్నం గారు కాఫీ తెచ్చి, చూసి, ఆయన చెయ్యి పట్టుకుని ఆపారు. నన్ను చూపించారు. ఆయన ముఖం పాలిపోయింది.

"ఎప్పట్నుంచి పాడటం లేదు ఇది?" అన్నారు. ఆవిడ ఏడ్చారు.

ఆ మర్నాడే కాలమ్ మానేస్తానని ఆఫీసులో చెప్పారు. ఎడిటర్ గారు చీటీ మీద రాసి చూపించారు: మీ అనుభవంతో రాసేయండి, ఎవరికి తెలుస్తుంది?

"కుర్రాళ్లు నిజమనుకుంటారండీ" అని కామేశం గారు నన్ను సంచీలో వేసుకుని వచ్చేశారు.

తర్వాత చాన్నాళ్లు అలమారలో దుమ్ము తిన్నాను. ఆయన ఎవరితోనూ మాట్లాడేవారు కాదు. ఒకరోజు సీతారత్నం గారు కాఫీ కప్పు ఆయన పక్కన పెట్టి, నన్ను దింపి, కొత్త క్యాసెట్ పెట్టి, మీట నొక్కి నా దగ్గరగా ఏదో అన్నారు. తర్వాత ఆవిడే ఆయన అరచేతిని నా స్పీకర్ మీద ఆనించి, నన్ను పాడించారు. ఆయన కళ్లు మూసుకున్నారు. వేళ్లు కొంచెం కదిలాయి.

"గొంతులో నిండుదనం ఉంది" అన్నారు, అచ్చం పేపర్లో రాసినట్టే. "లయ కాస్త తొందరపడింది."

ఆ క్యాసెట్‌లో ఆవిడ పాడలేదు. "కాఫీ చల్లారిపోతోంది, తాగండి" అన్నారు, అంతే. ఆ సంగతి చెబుదామంటే నాకు నోరేది? ఆయన సమీక్ష ముగించి, చెయ్యి చాచి కప్పు అందుకున్నారు. కాఫీ నిజంగానే చల్లారిపోయింది. చుక్క మిగల్చకుండా తాగారు.