దండ తీసి నవ్విన ముఖం

నేను ఒక లైట్ మీటర్‌ని. సినిమావాళ్లు నటుల చెంప దగ్గర పెట్టి వెలుతురు కొలుచుకునే చిన్న పరికరాన్ని. ఆ ఉదయం విశాఖపట్నంలో చిలకమ్మ తన భర్త ఎర్నినాయుడి సంచి సర్దుతూ నన్ను రెండు లుంగీల మధ్య పెట్టింది. గొడుగు పెట్టింది, జ్వరం బిళ్లలు పెట్టింది. ఏదో మరిచిపోయాననిపించి అంతా కుమ్మరించి మళ్లీ మొదలుపెట్టింది.

నేను పుట్టింది జపానులో. మద్రాసులో నన్ను మొదట కొన్న కెమెరామన్ దేవతల సినిమాలు తీసేవాడు. దేవతలకు ఎంత వెలుతురు పోసినా చాలదనేవాడు. కళ్లు మందగించాక నన్ను శిష్యుడు ఎర్నినాయుడి చేతిలో పెట్టాడు. నాయుడు తీసినవన్నీ దయ్యాల సినిమాలు, స్టూడియోల అండ లేని కుర్రాళ్లు కూడబలుక్కుని తీసేవి. నాతో వెలుతురు కొలిచి అందులో సగం తీసేయడమే అతని పని. మనుషులు విచిత్రమైనవాళ్లు. ఇంట్లో దీపం ఆరితే ఉలిక్కిపడతారు, చీకటి చూడటానికి టిక్కెట్టు కొంటారు.

ఆఖరి సినిమా అనంతగిరి కొండమీద పాత బంగళాలో తీశారు. కథలో చనిపోయిన జమీందారు ఫొటో గోడకు ఉండాలి. ఆ వేషగాడు రాలేదు. దర్శకుడు సూరిబాబు నాయుడి ఫొటోకే దండ వేసి తగిలించేశాడు. ఇంటికొచ్చాక నాయుడు అన్నం తింటూ ఆ సంగతి సరదాగా చెప్పాడు.

వడ్డిస్తున్న చిలకమ్మ చెయ్యి ఆగిపోయింది. "మరి నవ్వించి తీసేరా?"

సినిమాలో ఎవరి ఫొటోకయినా దండ వేస్తే, అది వాళ్ల చేతనే తీయించి, కెమెరా వైపు నవ్వించి ఒక షాట్ తీసి పంపుతారు. చావు సినిమాలోనే ఆగిపోవాలని ఆ ఆచారం.

"కెమెరా నా సేతిలో ఉంటే నన్నెవుడు తీత్తాడే?"

"అయితే ఆ దండ ఇంకా ఏలాడతందేటి?"

"ఈపాటికి ఎండిపోయుంటాది. దయ్యాల్ని రోజూ సూసీవోణ్ణి, దండకి బయపడతానేటి?"

"మీకు కాదు, నాకు బయం. ఎల్లి తీయించుకుని రండి. అందాకా నాకు ముద్ద దిగదు."

నిజంగానే దిగలేదు. మర్నాడూ ఆమె విస్తరి ముట్టకపోయేసరికి నాయుడు బయలుదేరాడు. ఆ సంచి అందుకే.

బంగళాలో ఈసారి కెమెరా సూరిబాబే పట్టాడు. నన్ను నాయుడి చెంప దగ్గర పెట్టాడు. అన్నేళ్లు అతని మెడలో వేలాడినా ఆ ముఖం మీది వెలుతురు నేను కొలవడం అదే మొదటిసారి.

"నవ్వు బావా. నువ్వే దయ్యంనాగ సూత్తన్నావు."

నాయుడు ఫొటోకున్న దండ తీసి నవ్వాడు. బాగా నవ్వాడు. దండ కిటికీలోంచి పారేసి ఇంటికి ఫోన్ చేశాడు. "అయిపోనాదే. ఇంక అన్నం తిను."

ఆమె తిన్నది. ఆమె తింటున్న వేళకే ఘాట్ రోడ్డులో వానకు కొండచరియ విరిగి వాళ్లు దిగివస్తున్న జీపు మీద పడింది. సూరిబాబు ఒక్కడే బయటపడ్డాడు. సంచి తెచ్చి ఆమె చేతికిచ్చాడు, నాయుడు నవ్విన షాట్ కూడా తెచ్చాడు. దాన్ని ఆమె ఇంతవరకూ చూడలేదు. నేను బీరువాలో ఉన్నాను. ఇక్కడ కొలవడానికి ఏమీ లేదు.

ఎర్నినాయుడు అనంతగిరి నుంచి తిరిగి రాలేదు. అది రెండువేల తొమ్మిది ఆగస్టు పన్నెండు, బుధవారం, మధ్యాహ్నం.