ఒంటి బొటనవేలు

సోమవారం పొద్దున పెండ్లి కార్డు చేసి చూపించకపోతే సుకుమార్ కుర్చీలో ఇంకొకడు కూర్చుంటాడు. సాయన్న సేట్ ఆ మాట ముఖం మీదే చెప్పాడు.

ఆర్మూర్‌లో సేట్‌కు కార్డుల ప్రెస్సు, పసుపు కొమ్ములను తిప్పి పాలిష్ పట్టే డ్రమ్ము రెండూ ఉన్నాయి. కూలీ రాని రోజు కంప్యూటర్ ముందున్న సుకుమార్‌నే డ్రమ్ము దగ్గరికి పంపాడు. కుడిచేతి నాలుగు వేళ్లు అక్కడే పోయాయి. మిగిలిన బొటనవేలికి మౌస్ పట్టు చిక్కదు.

ఆదివారం దోస్తు వాహబ్ పేరులేని గేమ్ కంట్రోలర్ ఒకటి తెచ్చి టేబుల్‌కు టేపుతో అంటించాడు. దాని మీది జాయ్‌స్టిక్ పుల్లను బొటనవేలితో కదిపితే తెర మీద బాణం కదలాలి. నొక్కితే క్లిక్ కావాలి. ఎడమచెయ్యి కీబోర్డు చూసుకుంటుంది.

కంప్యూటర్ దాన్ని గుర్తుపట్టింది. కానీ పుల్ల నడిమి చోటేదో దానికి చూపించి కాలిబ్రేట్ చేశాక కూడా బాణం తనంతట తానే మూలకు జారిపోతోంది.

"డూప్లికేట్ మాల్!" వాహబ్ తిట్టాడు. ముందు పోర్టులోంచి తీసి వెనక పోర్టుకు పెట్టాడు. డ్రైవర్ తీసేసి మళ్లీ వేశాడు. జారుడు ఆగలేదు.

"మల్ల కాలిబ్రేట్ చేద్దాం. పుల్లను నడుమ పెట్టు."

సుకుమార్ ఊపిరి బిగబట్టి పెట్టాడు. వాహబ్ చూపు అతని వేలి మీద పడింది.

"అరే, పట్టుకున్నవేందిరా?"

"నడుమ పెట్టుమన్నది నువ్వే గద!"

"పెట్టుడంటే పట్టుకునుడా? ఇడిసిపెట్టు! దాని నడుమ ఏడుందో దానికే ఎర్క!"

వదిలాడు. వాహబ్ మళ్లీ కాలిబ్రేట్ చేశాడు. బాణం నిలిచింది.

సోమవారం భూమన్న పటేల్ తన కూతురి పెండ్లి కార్డు చేయించుకోను వచ్చాడు. సుకుమార్ వినాయకుణ్ణి పైన నిలిపి, పేర్లు పేర్చి, ప్రింటు తీసి ఇచ్చాడు.

"ఎన్కటి కంటే మంచిగ చేసినవ్ రా," అన్నాడు సేట్.

భూమన్న కార్డు చూడలేదు. చెయ్యి చూశాడు.

"పసుపు పెట్టి పంచే కార్డు సేట్. గీ చేత్తోని చేపిస్తవా? శుభం గాదు."

"పసుపు డ్రమ్మే తిన్నది పటేలా," అన్నాడు సుకుమార్.

సేట్ అతన్ని పక్కకు పిలిచాడు. "పరదా ఎనుక కూసో. పెండ్లి కార్డులు కొత్తాయన చేస్తడు. సచ్చినోళ్ల దినాల కార్డులు నువ్వు చెయ్యి."

"వాళ్లకైతే నా చెయ్యి నడుస్తదా సేట్?"

"వాళ్లు చూడరు గద."

సుకుమార్ టేపు పీకి, కంట్రోలర్ చంకన పెట్టుకుని పరదా వెనక్కి పోయాడు. అక్కడ పాత కంప్యూటర్ అప్పటికే ఆన్ చేసి ఉంది. పక్కన ఎవరో ముసలమ్మ ఫొటో. భూమన్న రాకముందే, పొద్దున్నే సేట్ అన్నీ సర్దిపెట్టాడు.