ఎడమ గూడు

మూడోసారి కడిగిన నీళ్ళు తేటపడ్డాక ఆరోగ్యస్వామి గిన్నె వంచి, బియ్యాన్ని పాత పంచె మీద పలచగా పరిచాడు. ఇవి ఎడమ గూడు బియ్యం. మిల్లులో రెండుసార్లు పాలిష్ పట్టించిన తెల్లటి బియ్యం. కుడి గూడుకు పెట్టే ఎర్రటి దంపుడు బియ్యం పక్కన చేటలో ఉన్నాయి. వాటిని కడగకూడదు. గోడకు అంటించిన టైపు కాగితంలో డాక్టరు గారు రాయించిన కట్టుబాట్లలో ఇదే మొదటిది. ఆ కాగితం ఇంగ్లీషులో ఉంది. ఆరోగ్యస్వామి దాన్ని చదవలేడు గానీ ఏడాదిన్నరగా దాన్ని జవదాటలేదు, ఒక్కసారి తప్ప.

పెరటి గోడ అవతల హజ్రా బీ కడుగు నీళ్ళ కోసం బకెట్ పట్టుకుని నిలబడి ఉంది. ఆమెకు ఒక గేదె, ఒక నోరు ఉన్నాయి. రెండింటిలో ఏది ఎక్కువ పారుతుందో పేటలో ఇంకా తేలలేదు.

“స్వామన్నా, మీ ఆఫీసు కుడితి తాగి నా గేదె నిగనిగలాడతంది. నువ్వేంది, రోజురోజుకీ ఇట్టా అయిపోతన్నావు? ఆ కాళ్ళేంది?”

“నడక ఎక్కువైంది బూబమ్మా.”

“నడిస్తే కాళ్ళు సన్నబడతై గానీ ఉబ్బుతయ్యా? ఎవురికి చెప్తన్నావు?”

అతను ఖాకీ పంట్లాం అంచును కిందికి లాక్కుని లోపలికి వచ్చేశాడు. అరికాళ్ళకు నేల తెలియడం మానేసి పది రోజులైంది. చెప్పు కాలికి ఉందో, దారిలో ఊడిపోయిందో కిందికి చూసుకుంటే తప్ప తెలియదు. రాత్రి వెల్లకిలా పడుకుంటే ఊపిరాడక గోడకు చేరగిలబడి కూర్చుంటున్నాడు. ఇవన్నీ ఏమిటో అతనికి తెలియకపోలేదు. వేరే కాళ్ళ మీద, వేరే ఒంట్లో, ఏడాదిన్నరగా రోజూ చూస్తూనే ఉన్నాడు.

సాగర్ కాలవలు తవ్వుతున్న రోజులవి. రేపు నీళ్ళొస్తే పల్నాడంతా జొన్నన్నం మానేసి మిల్లు బియ్యానికి ఎగబడుతుందని, అప్పుడు కోస్తాలో లాగే ఇక్కడా బెరిబెరి జబ్బు పుడుతుందని డాక్టరు చెన్నకేశవులు పైవాళ్ళకు రాశాడు. వాళ్ళు ఒప్పుకున్నారు. నరసరావుపేటలో కోటప్పకొండ రోడ్డు మీద ఒక ఇల్లు అద్దెకు తీసుకుని, పన్నెండు పావురాలను తెచ్చి, ఆరింటిని ఎడమ గూట్లో, ఆరింటిని కుడి గూట్లో పెట్టారు. వాటిని చూసుకోవడానికి ఆరోగ్యస్వామిని పెట్టారు.

అంతకు ముందు అతను మాచర్ల పక్క నాపరాయి గనుల్లో పనిచేశాడు. ఒకనాడు పలక జారి కుడి భుజం మీద పడింది. ఎముక అతుక్కుంది గానీ ఆ చెయ్యి మళ్ళీ తల పైకి లేవలేదు. చర్చి ఫాదరు గారు ఉత్తరం రాసిస్తే ఈ అటెండరు పని దొరికింది. నీడపట్టున కూర్చుని పక్షులకు గింజలు వేసే పని. మొగుడికి ఇంత సుఖమైన కొలువు దొరికిందని ఫిలోమినా మొదటి నెలంతా వాడలో తలెత్తుకు తిరిగింది.

మొదటి రోజే డాక్టరు చెప్పాడు. “ఎడమ గూటి పక్షులకు జబ్బు తెప్పించాలి స్వామీ. తెప్పించి, నయం చెయ్యాలి.” నయం చేసేదానికి తెప్పించడమెందుకో ఆరోగ్యస్వామికి అంతు పట్టలేదు. నెల తిరక్కుండా మొదటి పావురం మెడ వెనక్కి విరుచుకుని ఆకాశం వంక చూస్తూ చచ్చిపోయింది. ఆ ఆదివారం చర్చిలో పూజకు వెళ్ళినప్పుడు, పీఠం మీద గోడకు రంగులతో వేసిన పవిత్రాత్మ పావురం వైపు అతను తల ఎత్తలేకపోయాడు.

మొన్న సంక్రాంతి వెళ్ళాక మనసు ఉండబట్టలేక, ఎడమ గూట్లో పడిపోతున్న ఒక పక్షికి రోజూ గుప్పెడు దంపుడు బియ్యం దొంగతనంగా తినిపించాడు. అది లేచి తిరిగింది. డాక్టరు మూడు రోజులు తల గోక్కుని, ఏదో లెక్క తప్పిందని ఆ విడత మొత్తాన్ని కొట్టేసి, మళ్ళీ కొత్తగా ఆరు పక్షులను తెప్పించాడు. ఒక్కదాని మీద జాలిపడి ఆరింటిని చెరలో వేసినట్లయింది. పని మానేద్దామంటే గనిలో ఎత్తడానికి చెయ్యి లేదు. అతను మానినా ఆ గూడు ఖాళీగా ఉండదు, ఇంకెవరో వచ్చి బియ్యం కడుగుతారు.

అందుకని తపస్సు కాలం మొదలయ్యే విభూది బుధవారం నాడు నుదుట బూడిద పెట్టించుకుని మొక్కుకున్నాడు. ఈస్టరు దాకా ఎడమ గూడు తినేదే తనూ తింటాడు. మూడుసార్లు కడిగిన తెల్లన్నం, ఉప్పు. పప్పు లేదు, మజ్జిగ లేదు, ఆకుకూర లేదు. ఆ మాట విని ఫిలోమినా శోకాలు పెట్టింది.

“తపస్సు కాలంలో మాంసం మానతారు గానీ, ఇదేం చోద్యం మావా?”

“వాటి ఉసురు నేను మొయ్యకపోతే ఎవురు మోస్తారే?” అన్నాడు.

ఈ రోజు పవిత్ర శనివారం. రేపే ఈస్టరు. ఇంకొక్క రోజు.

తొమ్మిదింటికి డాక్టరు వచ్చేసరికి ఎడమ గూట్లో మూడో నంబరు పక్షి పడిపోయి ఉంది. మెడ వీపుకు ఆనుకుంది. డాక్టరు మొహం విప్పారింది. పాపం, చెడ్డవాడు కాదు. పని మీద అంత ప్రేమ ఉన్నవాడికి ఎదురుగా ఉన్న మనిషి కంటికి ఆనడు, అంతే. రెక్క కింది నరం నుంచి నెత్తురు తీసి, గాజు గొట్టంలో ఏవేవో కలిపాడు. అందులోని నీరు చిక్కటి ఎర్ర రంగుకు తిరిగింది. ఈ ఊళ్ళో తన చదువు గురించి మాట్లాడుకోవడానికి ఇంకెవరూ లేక, ఎప్పటిలా ఆరోగ్యస్వామికే చెప్పడం మొదలుపెట్టాడు.

“చూశావా స్వామీ? అన్నం తింటే ఒంట్లో చక్కెర అవుతుంది. ఆ చక్కెర విరిగి పైరువిక్ ఆమ్లం అవుతుంది. అక్కడిదాకా బాగానే నడుస్తుంది. ప్రతి కణం లోపలా చిన్న చిన్న పొయ్యిలుంటాయి. ఇది ఆ పొయ్యిలోకి పోతేనే మనకు సత్తువ. పొయ్యి వాకిట్లో కాపలా ఉంది. ఒకటి కాదు, మూడు ఎంజైములు ఒకదానికొకటి అతుక్కుని గుత్తిగా పనిచేస్తాయని ఈ మధ్యనే తేల్చారు. లోపల మంట చాలినంత ఉంటే ఆ వాకిలి దానంతటదే మూసుకుంటుంది, తగ్గితే తెరుచుకుంటుంది. తిన్న అన్నం మీద పెత్తనమంతా దానిదే.”

“మరి వీటికేమైందయ్యా?”

“తలుపు తియ్యాలంటే బి వన్ విటమిన్ కావాలి. అది తవుట్లో పోయింది, మిగిలింది నువ్వు కడిగిన నీళ్ళలో పోయింది. ఇక తలుపు తెరుచుకోదు. ఆ ఆమ్లం వాకిట్లోనే పేరుకుంటుంది. ఈ ఎరుపు అదే. పొట్ట నిండా తిండి, లోపల పొయ్యి ఆరిపోయింది. ముందు నరాలు పోతాయి, తర్వాత గుండె.”

ఆరోగ్యస్వామి గూడు చువ్వ పట్టుకుని నిలబడ్డాడు. “అసలేం తినకపోతేనో?”

“మంచి ప్రశ్న!” డాక్టరు అతని భుజం తట్టాడు, అదీ దెబ్బ తగిలిన భుజమే. “పస్తుంటే ఈ జబ్బు ఇంత తొందరగా రాదు. అప్పుడు కొవ్వు కాలుతుంది, దానికి ఈ వాకిలితో పనిలేదు. తెల్లన్నం ఎంత తింటే అంత తొందరగా వస్తుంది.”

ఆరోగ్యస్వామి తన కాళ్ళ వంక చూసుకున్నాడు. నలభై రోజులుగా ఆకలి తీరకపోయేసరికి పూటకు రెండింతలు తింటున్నాడు. చెప్పేద్దామని నోరు తెరిచాడు. చెబితే మొక్కు ఇక్కడే ఆగిపోతుంది. కొత్తగా వచ్చిన ఆరింటికి తను పడ్డ బాకీ తీరకుండానే మిగిలిపోతుంది. ఇన్నాళ్ళు ఆగినవాడు ఒక్క పూట ఆగలేడా అనుకుని నోరు మూసుకున్నాడు.

డాక్టరు చిన్న గాజు బుడ్డి మెడ విరిచి, సూదిలోకి రెండు చుక్కలు లాగి పావురానికి పొడిచాడు. పావురానికి అంతకంటే అక్కర్లేదు. దాదాపు నిండుగా ఉన్న బుడ్డిని చెత్త బకెట్లో పడేసి, “పన్నెండింటికల్లా లేచి నడుస్తుంది చూడు. నేను రొంపిచర్ల పోయొస్తా, అక్కడ నలుగురికి కాళ్ళు ఉబ్బాయని కబురొచ్చింది” అంటూ జీపెక్కాడు.

ఆరోగ్యస్వామి బకెట్ తీసుకుని పెరట్లోకి వెళ్ళాడు. బుడ్డిలో మందు పసుపుపచ్చగా తళతళలాడింది. కాసేపు దాని వంక చూసి, గోతిలో వంచి మట్టి కప్పాడు. తిరిగి రావడానికి నాలుగు మెట్లు. రెండో మెట్టు మీద ఆగి, ఊపిరి కూడదీసుకుని మళ్ళీ ఎక్కాడు.

మధ్యాహ్నం ఫిలోమినా అన్నం తెచ్చింది. పండగకు చర్చి కడగడానికి వాడ ఆడవాళ్ళంతా వెళ్ళారు, ఆమె కూడా వెళ్ళాలి. అయినా కదలకుండా ఎదురుగా కూర్చుంది.

“పెదాలు నల్లబడ్డయ్. నా మాటిను మావా. ఇంత పప్పు తెచ్చిన, ముద్దలో కలుపుతా. దేవుడేం అనుకోడు.”

“ఏమే, నలభై రోజులు మోసి గట్టు మీదకొచ్చాక పడేస్తారా? రేపు పొద్దున పూజ కాంగనే నువ్వేం పెడితే అది తింటా. తవుడు పెట్టినా తింటా.”

“రేపటిదాకా ఉంటావా?” అనేసి, అన్నందుకు ఆమె తన నోటి మీద తనే కొట్టుకుంది. అతను నవ్వాడు. అన్నం సగం తిని ఇక చాలన్నాడు. ఆమె గిన్నె కడుక్కుని, గుమ్మం దగ్గర ఒకసారి వెనక్కి చూసి వెళ్ళిపోయింది.

ఒంటిగంటకు మూడో నంబరు పావురం మెడ ముందుకు వంగింది. తర్వాత లేచింది. రెండడుగులు వేసి, తూలి, మళ్ళీ నిలబడింది. ఆరోగ్యస్వామికి పట్టరాని సంతోషం వేసింది. స్టూలు గూటి దగ్గరికి జరుపుకుని కూర్చున్నాడు. చొక్కా తడిసిపోయింది. గుండె ఎవరో తరుముతున్నట్టు కొట్టుకుంటోంది. నీళ్ళు తాగుదామనుకున్నాడు గానీ కుండ ఆ మూలన ఉంది. కాస్త ఆగి లేద్దామని తలను గూటి చువ్వలకు ఆనించాడు. లోపల పావురం గింజలు ఏరుకుంటున్న చప్పుడు విన్నాడు. తర్వాత లేవలేదు.

నాలుగింటికి డాక్టరు హుషారుగా వచ్చాడు. “స్వామీ, లేచిందా మన మూడో నంబరు?” అని వాకిట్లోంచే అరిచాడు. జవాబు రాకపోయేసరికి లోపలికి వచ్చి, చెయ్యి పట్టుకుని చూశాడు. చల్లగా ఉంది. అప్పుడు మొదటిసారి అతని కాళ్ళ వంక చూశాడు. పంట్లాం పైకి మడిచి చీలమండ మీద బొటనవేలితో నొక్కాడు. పడిన గుంట అలాగే ఉండిపోయింది. పొద్దుటి నుంచి రొంపిచర్లలో ఇరవై మంది కాళ్ళు నొక్కి వచ్చిన వేలు అది.

కబురంది చర్చి నుంచి తడి చీరతోనే పరుగెత్తుకొచ్చిన ఫిలోమినా మొగుడి కాళ్ళ దగ్గర కూలబడింది. ఏడుపు మధ్యలో మొక్కు సంగతంతా చెప్పింది. డాక్టరు గోడకు ఆనుకుని విన్నాడు.

“నాతో ఒక్క మాట అనకపోయాడే! పొద్దున ఇక్కడే నిలబడ్డాడు. నా చేతిలోనే మందు ఉంది.”

“మీరు ఆ పిట్టల్ని రోజూ చూస్తిరి గదయ్యా. ఆయన్ని కూడా ఒక్క తూరి చూడకపోతిరా?”

ఆమె మొగుడి చొక్కా జేబులో చెయ్యి పెట్టి మడిచిన కాగితం తీసింది. “ఇది మీకే. నిన్న బడిపంతులు జీవరత్నం గారి చేత రాయించుకున్నాడు. మీ మొహం చూసి ఇయ్యటానికి భయపడి ఉంటాడు.”

కాగితం చెమటకు తడిసింది. పంతులు గారి గుండ్రటి అక్షరాలతో ఇలా ఉంది: “గౌరవనీయులైన డాక్టరు గారికి, తమ అటెండరు ఆరోగ్యస్వామి వ్రాయించుకొన్న మనవి. ఈ ఆదివారము ఈస్టరు పండుగ గనుక, ఎడమ గూటి పక్షులకు కూడ ఒక్క పూట దంపుడు బియ్యం పెట్టుటకు సెలవు ఇప్పించవలెనని ప్రార్థన. అందువల్ల పని చెడునట్లయిన, వద్దు.” కింద కుడి వైపున వంకరటింకరగా అతని సంతకం ఉంది. ఎడమ వైపున, డాక్టరు గారి సంతకం కోసం పంతులు గారు గీత గీసి వదిలిన చోటు తెల్లగా ఉంది.