క్షవర కుర్చీ మీద జప్తు

…అసలు నేను చేసిన తప్పేమిటా అని నాలుగు నెలలుగా ఆలోచిస్తున్నాను. మనోవర్తి ఎగ్గొట్టింది మనిషి, వీపు మీద కాగితం అంటించింది నాకు. నేను ఒక క్షవర కుర్చీని. పోత ఇనుప దిమ్మ, రెక్సిన్ సీటు. గుంటూరులో పుట్టి, ఒక పెద్దాయన దగ్గర ఆయన చూపు మందగించేదాకా పన్నెండేళ్లు తిరిగి, నరసరావుపేటలో త్రికోటి సెలూనుకు చేరాను.

మనుషులు నాకు మెడల ద్వారా తెలుసు. ఇంట్లో పోట్లాడి వచ్చినవాడి మెడ ఎంతసేపటికీ వాలదు. కానీ కత్తి పట్టుకున్న పరాయివాడి ముందు మాత్రం నిశ్చింతగా కళ్లు మూసుకుంటాడు. త్రికోటి ఎప్పుడూ నా మీద వాలలేదు. అందుకే అతన్ని నేను సరిగ్గా ఎరగను.

అతని నుంచి విడిపోయిన భార్య శేషారత్నం, మిరపకాయల తొడిమలు తీసే కూలికి వెళుతుంది. నెలనెలా మనోవర్తి ఇమ్మని కోర్టు చెప్పింది. త్రికోటి ఇవ్వలేదు. కోర్టు అమీను జిలానీ గారు వచ్చి నన్ను జప్తు చేశారు. కోర్టులో చోటు లేక, శేషారత్నం చేత సంతకం పెట్టించుకుని, ఆమె వసారాలోనే ఆమె జిమ్మాకు అప్పగించి వెళ్లారు. సెలూనుకు వచ్చేవాళ్లు ప్లాస్టిక్ కుర్చీలో కూర్చోలేక ఎదుటి షాపుకు పోయారు. ఇవ్వనివాడు కాస్తా ఇవ్వలేనివాడయ్యాడు. తిరగడమే వృత్తిగా బతికిన నాకే తల తిరిగింది.

శేషారత్నం రోజూ నా దుమ్ము తుడిచేది. ఒక్కనాడూ కూర్చోలేదు. కూర్చుంటే గెలిచినట్టవుతుందనో, ఓడినట్టవుతుందనో. ఆ సంగతి ఆమెకూ తెలిసినట్టు లేదు.

పనిముట్లను జప్తు చేయకూడదని చివరికి ఒక ప్లీడరుకు గుర్తొచ్చింది. ఈ నెల నుంచి మనోవర్తి కట్టాలన్న షరతు మీద జడ్జిగారు జప్తు ఎత్తివేశారు. ఇవాళ జిలానీ గారు వచ్చి కాగితం పీకారు. త్రికోటి తోపుడుబండి తెచ్చుకున్నాడు, ఒంటరిగా. ఆమె గుమ్మానికి రావడానికి తోటివాళ్లెవరూ ఒప్పుకోలేదు. మూడుసార్లు నన్ను వాటేసుకుని లాగాడు. నేను కదల్లేదు. అందులో నా పంతమేమీ లేదు.

"ఎత్తేసినట్టు ఆర్డరుంది గదా సార్, మీ మనుషుల్ని పిలవండి," అన్నాడు.

"కోర్టు ఎత్తేసింది జప్తునయ్యా, కుర్చీని కాదు. ఐదింటిలోపు నువ్వు తీసుకున్నట్టు సంతకం పడకపోతే, తీసుకోలేదని రాసి పంపుతా. మళ్లీ వాయిదా."

వాయిదా అంటే సెలూను మూత. సెలూను మూతపడితే ఆమెకు రావాల్సిందీ రాదు. ఇద్దరికీ ఆ సంగతి తెలుసు. తెలిసినా, ఏడాదిగా ప్లీడర్ల నోటితో తప్ప ఒకరితో ఒకరు మాట్లాడుకోలేదు.

"అంతమంది స్నేహితులున్నారుగా, పిలుచుకోమనండి సార్," అంది శేషారత్నం గడపలోంచి.

"ఉన్నోళ్లందరికీ నా సంగతులు చెప్పొచ్చింది తనేనని చెప్పండి సార్," అన్నాడు త్రికోటి.

"నేను అమీనునమ్మా. మీ మధ్య కబుర్లు మోయడం నా డ్యూటీ కాదు," అని జిలానీ గారు వాచీ చూసుకున్నారు. ఐదుకు పది నిమిషాలు.

త్రికోటి అరచేతులు ప్యాంటుకు తుడుచుకుని మళ్లీ నా వీపు పట్టుకున్నాడు. దిమ్మ ఒక పక్క జానెడు లేచి, ధబ్బున కూలబడింది. అతను అక్కడే వంగి, తలెత్తకుండా ఆయాసపడుతున్నాడు.

శేషారత్నం పైట కొంగు నడుముకు దోపుకుంది. మెట్టు దిగి వచ్చి, నా దిమ్మ కిందికి రెండు చేతులూ పోనిచ్చింది.

"అటు పట్టుకో," అంది, అమీను వైపు చూడకుండా.