వెదురుకర్ర చివర నమారా

చిజురు నటజీవితమంతా ఒక వెదురుకర్ర వంక చూడటంతోనే గడిచిపోయింది. కర్ర చివర ఎర్రగుడ్డ కట్టి ఎవరో ఒకరు పైకెత్తి పట్టుకునేవారు. సముద్రంలోంచి లేచొచ్చే నమారా అనే కొండంత రాకాసి మృగానికి కళ్ళు ఆ గుడ్డే. దాన్ని చూసి ఆమె కెవ్వుమంది, పరుగెత్తింది, ఒక సినిమాలో జోలపాట కూడా పాడింది. అసలు నమారా మాత్రం స్టూడియో ఆవరణ అవతలి కొసన ఇంకో ఫ్లోరులో, నడుమెత్తు బొమ్మ టోక్యోను తొక్కుకుంటూ తిరిగేది. రెంటినీ అతికించి చూపిస్తే జనం డబ్బిచ్చి మరీ ఏడ్చేవారు. ఒక్కసారైనా ఎదురుపడని ఇంత చిత్రమైన జంట ఎక్కడుంటుంది!

ఇప్పుడు ఇంటింటికీ టీవీ వచ్చి హాళ్ళు వెలవెలబోతున్నాయి. నమారాకి ఇదే ఆఖరి సినిమా, చిజురుకీ అంతే. సముద్రంలోకి వెళ్ళిపోతున్న నమారాకి ఆమె మేడ కిటికీలోంచి వీడ్కోలు చెప్పాలి. పొద్దుటినుంచీ ఆ షాటు కుదరడం లేదు.

“నీ కళ్ళల్లో ఏమీ లేదమ్మా,” అన్నాడు డైరెక్టర్ ఉరబె. “గుడ్డని చూస్తున్నట్టుంది.”

“గుడ్డనే కదండీ చూస్తున్నది!”

“ఇన్నాళ్ళూ ఏం చూశావు మరి? భోంచేసి రా. అప్పటికీ కుదరకపోతే ఉత్త సముద్రం చూపించి ముగించేస్తా.”

చిజురు కిటికీ దగ్గర్నుంచి కదిలింది. ఆ ఒక్క చూపూ లేకపోతే తను ఇన్నేళ్ళూ ఎవరికోసం అరిచినట్టు?

అన్నం డబ్బా మూతైనా తీయకుండా అవతలి ఫ్లోరుకి వెళ్ళింది. నేలంతా తెల్లటి పొగ పరుచుకుని ఉంది. అందులోంచి మేడలు ఆమె నడుం దాకా లేచాయి. కలలో నడిచినట్టు, తన ఇంటి వీధి కాలికింద పడకుండా ఒద్దికగా దాటింది. నీటితొట్టె గట్టున నమారా కూర్చుని ఉంది. దాని వీపు తెరిచి లోపలి మనిషిని బయటికి లాగుతున్నారు. బక్కచిక్కిన పెద్దాయన. ఆయన తొడుక్కున్న నమారా కాలిని వంచితే చెమట ధారకట్టింది.

“నమారా వేషం వేసే గెంపెయ్ గారంటే మీరేనాండీ?”

“అయ్యో, చిజురుగారా! ఈ అవతారంలో దొరికిపోయానే.”

“లోపల్నుంచి మీకేమైనా కనిపిస్తుందా?”

“దీని గొంతు దగ్గర చిన్న బెజ్జాలున్నాయి. వాటిలోంచి మీ కిటికీ కనిపిస్తుంది. ప్రతి సినిమాకీ మీరుండే ఇల్లేదో ముందే అడిగి తెలుసుకుంటాను. అటు మాత్రం కాలు పెట్టను.”

చిజురు వంగి ఆ బొమ్మమేడ కిటికీలోకి చూసింది. అగ్గిపెట్టెంత గది, లోపల ఎవరూ లేరు. 

“భోంచేసి మా ఫ్లోరుకి రండి,” అంది. “నేను నిజంగా ఉన్నానో లేదో చూసుకుందురుగాని.”

మళ్ళీ లైట్లు వెలిగాయి. ఎర్రగుడ్డ పైకి లేచింది. చిజురు చూపు అంతదాకా పోలేదు. కాస్త కిందే, గొంతు ఉండాల్సినచోట ఆగిపోయింది. చెప్పాల్సిన మాట “ఇంకెప్పుడూ రాకు” అని. నోటివెంట వచ్చింది వేరు.

“చాలా అలిసిపోయారు కదండీ.”

అది సినిమాలో మాట కాదు. పని ముగించి ఇంటికి బయల్దేరేటప్పుడు స్టూడియోలో ప్రతివాళ్ళూ ఒకరికొకరు చెప్పుకునే మాట. అలవాటు కొద్దీ లైట్లవాళ్ళూ, మేకప్పావిడా, కర్ర పట్టుకున్నతనూ, ఆఖరికి ఉరబె కూడా తలవంచి, “మీరూ అలిసిపోయారు” అనేశారు. కట్ చెప్పడం ఎవరికీ గుర్తులేదు, కెమెరా తిరుగుతూనే ఉంది.

తలుపు పక్కన నిలబడ్డ గెంపెయ్ ఒక్కడే తలవంచకుండా, ఆమె ఉన్న కిటికీ వంకే చూస్తున్నాడు.